అమ్మ కార్డు మీద ఒక మాట

నేను పుంటికూర తెంపుతుంటే పాస్టర్ షాలేమ్ గారు వచ్చారు. చేతులు కడుక్కుని కుర్చీ వేశాను. నాయిన బోయిన్‌పల్లి మార్కెట్‌లో మూటలు దింపి అప్పుడే వచ్చి, గోడకు ఆనుకుని కూర్చున్నాడు.

అమ్మ పోయి తొమ్మిది రోజులు. ఆదివారం ఆమె జ్ఞాపకార్థం ఆదరణ కూడిక. పిలుపు కార్డు నేనే రాసి అచ్చు వేయించాను. సంఘంలో అందరి కార్డుల మీద ఉన్నట్టే "ప్రభువునందు నిద్రించిన ఎల్లమ్మ" అని రాశాను. వేరే మాట నాకు తోచలేదు.

పాస్టర్ గారు కార్డు రెండుసార్లు చదివారు. పొద్దున్నుంచి ఇది మూడో ఇల్లట, ఇంకా అన్నం తినలేదట. నెమ్మదిగానే చెప్పారు. బాప్తిస్మం లేని మనిషికి ఆ మాట వేస్తే సంఘపెద్దలు ఒప్పుకోరని, "మరణించిన" అని మార్చమని.

మల్కాజ్‌గిరిలో పట్టాల పక్కనున్న ఆ మందిరాన్ని అమ్మ పదకొండేళ్లు ఊడ్చింది. బాప్తిస్మాలప్పుడు తడిసిన తెల్లబట్టలు ఉతికి ఆరేసింది. తను మాత్రం నీళ్లలో దిగలేదు. మా సంఘంలో అందుకు బొట్టు, పుస్తెలు తీసేయాలి. తాను బతికుండగా ఆ పని వద్దన్నాడు నాయిన. నన్ను ఆపలేదు, ఆమెను ఆపాడు. ఆమె మళ్లీ అడగలేదు.

"అయితే అమ్మ ఎక్కడున్నట్టు?" అన్నాను.

తీర్పు దేవునిదని, రాసి ఉన్నదే తాను చెప్పగలనని అన్నారాయన. నరకం అనలేదు. కానీ అమ్మ కోసం గేటు దగ్గర నిలబడ్డ ఆదివారాల్లో నాయిన నరకం గురించిన ప్రసంగాలన్నీ మైకులో విన్నవాడే.

"వద్దన్నది నేను అయ్యగారూ," అన్నాడు నాయిన. "ఆమె నా మాట ఇన్నది, గంతే. తప్పు నాదైతే శిక్ష ఆమెకెట్ల ఏస్తడు?"

పాస్టర్ గారు కళ్లద్దాలు తీసి, కళ్లు నులుముకున్నారు. "నాకు తెల్వదు సోమయ్యన్నా. మా నాయిన సుత గట్లనే పోయిండు. ఇరవయ్యేండ్ల సంది అడుగుతనే ఉన్న."

కార్డు సంగతి ఇక ఎవరూ ఎత్తలేదు. పాస్టర్ గారే నాయినతో, "నీకింకా టైమున్నది. వచ్చే నెల నువ్వన్న బాప్తిస్మం తీసుకో," అన్నారు.

నాయిన నావైపు చూశాడు. ఆయన బాప్తిస్మం కోసం ఏడేళ్లుగా రోజూ పొద్దున ప్రార్థన చేసినదాన్ని నేను. తీసుకో అంటే, అమ్మను అక్కడే వదిలి రమ్మన్నట్టే. వద్దనడానికీ ధైర్యం లేదు. పుంటికూర మళ్లీ ముందుకు లాక్కున్నాను.

నాయిన లేచాడు. చెప్పులు తొడుక్కుని బయటికి వెళ్లిపోయాడు.