రెండో కుర్చీ

దైవాశీర్వాదం అద్దం ముందు నిలబడి, పెదవులు బిగించి తుమ్మెదలా రొద పెడుతున్నాడు. ట్రాంబోన్ ఇంకా పెట్టెలోనే ఉంది. ముందు పెదవులు వేడెక్కాలి, ఆ తర్వాతే ఇత్తడి. ఒంగోలు మిషను స్కూల్లో నిక్కరేసుకుని బ్యాండులో చేరిన రోజున నేర్పిన పద్ధతి అది. యాభై ఆరేళ్లొచ్చినా, డెట్రాయిట్ చలికి పెదవులు పగిలి నెత్తురు చిమ్మినా మానలేదు. పొట్టి మనిషి. పై పెదవి మీద నెలవంకలా ఒక నొక్కు, అక్కడ మీసం మొలవదు. కుడి భుజం ఎడమ భుజం కంటే కాస్త కిందికి వాలి ఉంటుంది. ట్రాంబోన్‌కి మీటలుండవు మరి. పొడుగాటి గొట్టాన్ని ముందుకు తోసి, వెనక్కి లాగి స్వరాలు వెతుక్కోవాలి. ఆ తోపుడుకే భుజం అరిగిపోయింది.

భార్య రూతు వాడుకునే కోల్డ్ క్రీము వేలితో తీసి గొట్టానికి రాశాడు. రూతు బట్టలు ఇస్త్రీ చేసేటప్పుడు నీళ్లు చల్లుకునే సీసాతో గొట్టం మీద చిలకరించి, ఒకసారి చివరిదాకా తోసి చూశాడు. చప్పుడు లేకుండా జారింది. చివరగా రబ్బరు కప్పు తీసి పెట్టెలో పెట్టుకున్నాడు. బాత్‌రూములో నీళ్లు నిలిచిపోతే పొడవడానికి కర్రకుండే రబ్బరు కప్పు, కర్ర ఊడదీసింది. దాన్ని ట్రాంబోన్ మూతికి అడ్డం పెట్టి మూస్తూ తెరుస్తూ ఉంటే వాద్యం మనిషిలా మూలుగుతుంది, నవ్వుతుంది, అలుగుతుంది.

"పెళ్లికెళ్తూ పిల్లిని చంకన పెట్టుకెళ్లినట్టు, ఆ దరిద్రాన్ని మోసుకెళ్తారు" అంది రూతు. ఆసుపత్రిలో రాత్రి డ్యూటీ చేసొచ్చి, చెప్పులు కూడా విప్పకుండా మంచం మీద కూర్చుంది. "ఇవాళైనా కూడికకి రారా? పోయిన వారం కూడా సామ్యూల్ గారు అడిగారు. ఆన్సర్ చేయడానికి నాకు మొహం చెల్లట్లేదండీ."

డెట్రాయిట్ పక్కనే ట్రాయ్‌లో సామ్యూల్ గారింటి నేలమాళిగలో ఆదివారం మధ్యాహ్నాలు తెలుగు ప్రార్థన జరుగుతుంది. అతను వాయించే బ్యాండు డాన్సులూ ఆదివారం మధ్యాహ్నాలే.

"వచ్చే వారం నుంచి వస్తానేమోలే."

రూతు తలెత్తి చూసింది. "అదేంటి?"

"ఏం లేదు. నువ్వు పడుకో" అన్నాడు.

ఉన్నదంతా ఆ 'ఏం లేదు'లోనే ఉంది. శుక్రవారం నాడు రోనీ ఫోన్ చేశాడు. తండ్రి పోయాక బ్యాండును నడుపుతున్న కుర్రాడు, చెడ్డవాడేం కాదు. "డేవ్, ఫ్యాక్టరీలు మూసేస్తున్నారు, హాలు నిండట్లేదు. ఇక ఒక ట్రాంబోనే పెట్టుకోగలను. ఈ ఆదివారం నేను స్టేజి మీద ఉండను. హాల్లో కూర్చుని వింటాను. ఉండేదెవరో విన్నాక చెప్తాను. క్లారెన్స్‌కి కూడా ఇదే చెప్పాను" అన్నాడు. దైవాశీర్వాదం అన్నంత పొడుగు పేరు ఆ ఊళ్లో ఎవరి నోటా పట్టలేదు గనుక అతను డేవ్ అయిపోయాడు.

అతని బతుకంతా రెండో కుర్చీయే. మద్రాసు స్టూడియోల్లో పదిహేనేళ్లు వెనక వరసలో కూర్చుని వాయించాడు. పాట ఊరంతా మోగేది, పాడినవాళ్ల పేరు మోగేది, అతను మాత్రం బస్సెక్కి ఇంటికెళ్లేవాడు. రెండో ట్రాంబోన్ కూరలో ఉప్పులాంటిది. సరిగ్గా ఉన్నంతకాలం ఎవరూ తలుచుకోరు. రూతుకు నర్సుగా వీసా వస్తే ఆమె వెంట వచ్చి, అదే ఆసుపత్రి చాకిరేవులో దుప్పట్లు ఉతికే పనికి కుదిరాడు. దుప్పట్లతో మాట్లాడి మాట్లాడి విసుగొచ్చిన ఒక ఆదివారం, ఈ బ్యాండు వాయించే డాన్సు హాలు ముందునుంచి నడుస్తూ లోపల ట్రాంబోన్ విన్నాడు. కాళ్లు కదల్లేదు.

లోపల ఊదుతున్న నల్లాయన క్లారెన్స్. ఆరడుగుల మనిషి, కార్ల ఫ్యాక్టరీలో తలుపులు బిగించే పని. ఆ హాలుకు వచ్చే వాళ్లలో సగం మంది ఆయన ఊదే నెమ్మది పాట కోసమే వచ్చేవారు. "ఎక్కడో ఇండియా మనిషి, మన వాయింపు ఇతనికేం తెలుసు?" అని రోనీ తండ్రి పెదవి విరిస్తే, "నా పక్కన కూర్చోబెట్టండి. తెలియకపోతే నేనే పంపించేస్తా" అన్నాడు క్లారెన్స్. మర్నాడే ఇనపసామాన్ల కొట్టుకు తీసుకెళ్లి రబ్బరు కప్పు కొనిచ్చాడు. మూసేదెలాగో, తెరిచేదెలాగో, ఏడిపించేదెలాగో కార్లో కూర్చోబెట్టి నేర్పాడు. ఈ దేశంలో దైవాశీర్వాదాన్ని ఒకరు కావాలని పిలిచి కూర్చోబెట్టిన కుర్చీ అదొక్కటే.

రెండేళ్ల కిందట క్లారెన్స్‌కి ముందు పళ్లు తీసేసి కట్టుడు పళ్లు పెట్టారు. ఇత్తడి వాయించేవాడికి అది గొంతు కోసినట్టే. ఆ ఆదివారం నెమ్మది పాట వచ్చింది, క్లారెన్స్ కూర్చునే వాద్యం ఎత్తాడు, గాలి తుస్సుమంది. దైవాశీర్వాదం ఆలోచించలేదు. పక్కనుంచి ఆ స్వరం తను ఊదేశాడు. క్లారెన్స్ చెయ్యి గొట్టాన్ని తోస్తూనే ఉంది. రెండు ఇత్తడి మూతులు పక్కపక్కనే ఉంటే హాల్లోవాళ్లకి ఏది పలికిందో ఎలా తెలుస్తుంది? అందరూ లేచి చప్పట్లు కొట్టారు. అప్పటినుంచి ప్రతి ఆదివారం అంతే. వెనకున్న డ్రమ్ముల వాల్టర్‌కి తెలుసు, చెప్పడు. క్లారెన్సూ తనూ దాని గురించి ఒక్క మాట అనుకోలేదు.

ఇవాళ్టి సంగతి మాత్రం సూటిగా ఉంది. నెమ్మది పాటలో తను ఊదకుండా ఊపిరి బిగబడితే చాలు. క్లారెన్స్ గాలి రోనీ చెవిన పడుతుంది, కుర్చీ తనది అవుతుంది.

బయట కారు హారన్ మోగింది. ఎప్పటిలాగే క్లారెన్స్ వచ్చాడు. మంచు గీకిన అద్దంలోంచి రోడ్డు కొంచెమే కనిపిస్తోంది. క్లారెన్స్ హీటరు పెంచాడు.

"రోనీ ఫోన్ చేశాడా?" అన్నాడు క్లారెన్స్.

"చేశాడు, మిస్టర్ క్లారెన్స్."

"ఊఁ."

మూసేసిన ఫ్యాక్టరీ గేటు దాటింది కారు. క్లారెన్స్ అటు చూడలేదు. భార్య పోయింది, పని పోయింది, పళ్లు పోయాయి. ఇక మిగిలింది ఆదివారమే. ఆ మాట ఆయన అనలేదు, అననక్కర్లేదు. దైవాశీర్వాదానికి కోపం వచ్చింది. అడగొచ్చుగా? నాకోసం ఇవాళ ఊదు అని గానీ, ఇవాళ ఊదొద్దు అని గానీ, ఏదో ఒకటి అనొచ్చుగా? ఏమీ అనకుండా స్టీరింగు పట్టుకుని కూర్చుంటే, భారమంతా పక్కవాడి మీద పడదూ?

హాలు సగం ఖాళీ. ముసలి జంటలు కోట్లు విప్పకుండానే నాట్యం చేస్తున్నారు. రోనీ తలుపు దగ్గర బల్ల మీద గడ్డం కింద చెయ్యి పెట్టుకుని కూర్చున్నాడు. మొదటి పాటలన్నీ గడిచాయి. అప్పుడు వాల్టర్ కర్రలు పక్కన పెట్టి, డ్రమ్ము మీద తీగల కుంచె ఆడించాడు. నెమ్మది పాట.

క్లారెన్స్ వాద్యం ఎత్తాడు. ఎత్తి, ఊదకుండా, పక్కకు చూశాడు. రెండేళ్లలో ఎప్పుడూ అలా చూడలేదు. రూతు ఆసుపత్రిలో ఆపరేషనుకు తీసుకెళ్తుంటే రోగులు పక్కన ఎవరున్నారా అని అలాగే చూస్తారు.

తను ఇవాళ ఊదినా వచ్చే వారం పక్కన తనుండడు, అప్పుడెలాగూ ముసలాయన గాలే వినిపిస్తుంది. ఆ మాత్రం దైవాశీర్వాదానికి తెలియక కాదు. కానీ మనిషి తనంతట తాను మానుకోవడం వేరు, పదిమంది ముందు గొంతు పోవడం వేరు. ఏరు దాటాక తెప్ప తగలేసే మనుషులు ఉండొచ్చు. ఒడ్డున ఆ తెప్ప తన వంకే చూస్తూ ఉండగా తగలేయడం అతని వల్ల కాలేదు.

ఊదాడు. రబ్బరు కప్పు మూసి తెరుస్తూ, క్లారెన్స్ ఊదినట్టే, ఆయన తడబడే చోట తడబడి, ఆయన ఆగే చోట ఆగి. ఒంగోల్లో శవపేటికల వెనక ఊదిన ఊపిరి, మద్రాసులో పేరు లేకుండా ఊదిన ఊపిరి, అంతా అందులో పోశాడు. అతను అంత బాగా ఎన్నడూ వాయించలేదు. ముసలి జంటలు నాట్యం ఆపి నిలబడ్డారు.

రోనీ కళ్లు తుడుచుకుంటూ వచ్చి క్లారెన్స్‌ని కావలించుకున్నాడు. తర్వాత ఇటు తిరిగి, "డేవ్, విన్నారు కదా. నేనేం చేయను చెప్పండి" అన్నాడు. క్లారెన్స్ తల వంచుకుని, ఎప్పుడో తుడిచేసిన వాద్యాన్నే మళ్లీ తుడుస్తున్నాడు. దైవాశీర్వాదం పెట్టె సర్దుకున్నాడు. రబ్బరు కప్పు చేతిలోకి తీసుకుని, ఇంట్లో దీంతో ఏం పని అనుకుని, కుర్చీ కిందే వదిలేశాడు.

ఇంటి ముందు కారు ఆగాక క్లారెన్స్, "డేవ్..." అని ఆగిపోయాడు.

"పర్లేదు, మిస్టర్ క్లారెన్స్. రోడ్డు జారుతోంది. మెల్లగా వెళ్లండి."

తర్వాతి ఆదివారం అతను రూతు పక్కన, సామ్యూల్ గారి నేలమాళిగలో వెనక వరసలో కూర్చున్నాడు. అందరూ పాడుతుంటే అతని పెదవులు మాత్రం కదిలాయి. రూతు చూసి, అరిగిన భుజం మీద చెయ్యి వేసింది. అప్పుడు ఏడుపొచ్చింది.

ఆ ఆదివారం క్లారెన్స్ కూడా హాలుకి వెళ్లలేదని వాల్టర్ ఫోన్‌లో చెప్పాడు. జలుబన్నాడట. పై వారమూ జలుబే. రోనీ ఇంకెవరినీ వెతకలేదు, అన్ని వాద్యాల చప్పుడూ చేసే ఒక కరెంటు పియానో కొన్నాడు. ఈస్టరు ముందు వచ్చే మట్టలాదివారానికి రెండు రోజుల ముందు క్లారెన్స్ నిద్రలోనే పోయాడు.

సమాధి చేసొచ్చాక భోజనాలు ఆ హాల్లోనే పెట్టారు. రోనీ పళ్లెం పట్టుకుని వచ్చి పక్కన కూర్చున్నాడు.

"ఆయన ఆఖరిసారి వాయించిన ఆ నెమ్మది పాట గుర్తుందా, డేవ్? జన్మలో మర్చిపోను. అలాంటి ఊపిరి ఇంకెవరికుంటుంది?"

"విన్నాను" అన్నాడు దైవాశీర్వాదం. "పక్కనే ఉన్నాగా."

చేతులు కడుక్కోవడానికి లేచి వెళ్లాడు. బాత్‌రూములో నీళ్లతొట్టి పక్కన, అంచు ఒకవైపు అతని బొటనవేలికి అరిగిన రబ్బరు కప్పు, ఎవరో కొత్త కర్ర తొడిగి గోడకి ఆనించి పెట్టింది, ఇంకా తడిగా ఉంది.