ఆపకూడని ఫ్రిజ్

"అమ్మాయ్, నీ సంగీతం నిండా ఒకటే రొద. మొత్తం తుడిచేశాను. ఇప్పుడు అద్దంలా ఉంది!" అన్నాడు సౌండు కలిపే ఎలియసార్ మాస్టారు, నేను మెచ్చుకుంటానని చూస్తూ.

ఆ రొదే నా సంగీతం. సినిమాలో ఒక ముసలావిడ వంటింట్లో కూర్చుని రాని మనిషి కోసం ఎదురుచూస్తుంటుంది. ఆమె కోసం, చనిపోయిన మా అమ్మ వదిలిన పాత ఫ్రిజ్ మోతను రికార్డు చేశాను, దాని ఇనుప అరల మీద వయొలిన్ కమాను లాగాను. నెలల తరబడి చేసినదాన్ని పెద్దాయన చెత్తనుకుని ఊడ్చేశాడు. అసలు కాపీ మీదే సేవ్ కూడా చేశాడు. షో ఆ సాయంత్రమే. ఆయన్ని కొట్టాలో, నేనే తల బాదుకోవాలో తెలియలేదు.

దర్శకుడు ఉలీసెస్ గోళ్ళు కొరుక్కుంటున్నాడు. "మైతెన్, ఇది జనానికి ఎక్కకపోతే మా కజిన్ గిటారు పెట్టేస్తానని ముందే చెప్పాను. ఇప్పుడే పెట్టేస్తే పోదా?"

"మీవాడి గిటారు వింటే ఆ ముసలావిడ సినిమాలోంచి లేచి వెళ్ళిపోతుంది. పద, ఫ్రిజ్ తెద్దాం. సినిమా ఆడుతుండగా హాల్లోనే వాయిస్తాను."

"పిచ్చా నీకు?"

"పిచ్చే. తాడుందా?"

మా ఊరు వాల్పరైసోలో, మా ఇంటి నుంచి కొండ మెట్ల మీద దాన్ని దించుతుంటే ఉలీసెస్ రొప్పుతూ, "ఇందులో ఓడగానీ దాచావా?" అన్నాడు. కిటికీలోంచి ఎదురింటావిడ, "ఏమ్మా, ఇల్లు ఖాళీ చేస్తున్నావా?" అని అరిచింది.

"లేదు పిన్నీ, కచేరీకి వెళ్తున్నాం!"

పైకి నవ్వానే గానీ, ప్లగ్గు పీకి తెస్తున్నానని లోపల భయమే. అమ్మ దాన్ని ఎప్పుడూ ఆపనిచ్చేది కాదు. "ఒకసారి ఆగిందంటే మళ్ళీ లేవదే, నాలాగే" అనేది. హాల్లో ప్లగ్గు పెడితే చప్పుడు లేదు. పక్కన ఒక్క తన్ను తన్నాను. దగ్గి, వణికి, మొదలైంది. నాకు ఏడుపొచ్చింది.

తెర పక్కన ఫ్రిజ్‌ను చూసి జనం మొదట నవ్వారు. నేను కమాను లాగాక నవ్వడం మానేశారు. ముసలావిడ రోజూ టీకి రెండు కప్పులు పెడుతుంది. చివర్లో ఒకటి తీసి అలమరలో పెట్టేస్తుంది. మోత అక్కడ ఆగాలి. రికార్డింగులో అయితే ఒక మీట చాలు. ఇక్కడ ప్లగ్గు పీకాలి.

పీకకపోతే సినిమా పోతుంది. పీకితే?

ఆమె కప్పు ఎత్తింది. పీకేశాను.

హాల్లో ఒక్కరూ దగ్గలేదు. వెనక ఎవరో వెక్కారు. దీపాలు వెలిగాక ఉలీసెస్ నా భుజం నొక్కి, "గిటారు వద్దు" అన్నాడు. ఎలియసార్ మాస్టారు పరుగెత్తుకొచ్చి, "అంతా రికార్డు చేశానమ్మా. ఈసారి ఏమీ తుడవను, ఒట్టు!" అన్నాడు.

నేను ప్లగ్గు పెడుతూనే ఉన్నాను. తన్నాను. మాస్టారూ తన్నాడు. లేవలేదు.

మర్నాడు పొద్దున్నే టీ పోసుకుని, ఫ్రిజ్ మోత లేని వంటింట్లో కూర్చున్నాను. ముసలావిడ కోసం నేనే రాసిన నిశ్శబ్దం అది. అందులో ఒక్క గుక్క కూడా తాగలేక, కప్పు అక్కడే వదిలేసి వీధిలోకి వచ్చేశాను.