ఇసోబె బూట్లు

కాగితపు తలుపుకి చెవి ఆనించి నిలబడ్డాడు కురమోచి. లోపల రచయిత ఇసోబె పెన్సిల్ చప్పుడు వినిపిస్తోంది. అయినా నమ్మకం కలగలేదు. ఊరికే గీతలు గీస్తూ కూర్చున్నా బయటికి రాస్తున్నట్టే వినిపిస్తుంది. ఒకప్పుడు తను చేసిన పనే అది.

రచయితని అతామీ ఊళ్లో సముద్రపుటొడ్డున ఏ సత్రంలోనో కూర్చోబెట్టి, స్క్రిప్టు పూర్తయ్యేదాకా కదలనివ్వకపోవడం జపాన్ సినిమా స్టూడియోల ఆనవాయితీ. రాసే రోజుల్లో కురమోచి కూడా ఇలాగే బందీ అయ్యాడు. కిటికీ దూకాడు, కడుపునొప్పని దొర్లాడు, ఒకసారి బతికున్న తల్లిని చంపి మరీ పారిపోయాడు. ఇప్పుడు నిర్మాత. సోమవారం షూటింగ్, చివరి సీను ఇంకా రాలేదు. అందుకే ఇసోబె బూట్లు తన గదిలో, పరుపుల అలమరలో దాచాడు. సత్రం చెక్కచెప్పులు కూడా ఇవ్వొద్దని యజమానురాలు ఒతోమికి గట్టిగా చెప్పాడు.

మధ్యాహ్నం తలుపు తెరుచుకుంది. ఇసోబె ముఖం పాలిపోయింది. నుదుటినిండా చెమట.

"నా బూట్లేవన్నా?"

"ఎందుకో?"

"గుండెల్లో పట్టేసినట్టుంది. స్టేషన్ దగ్గర డాక్టరున్నాడట, చూపించుకొచ్చేస్తా."

కురమోచి పకపకా నవ్వాడు. "ఓరి నీ అఘాయిత్యం! వేడినీళ్ల తొట్టిలో తల ముంచొచ్చావా? ఈ వేషాలన్నీ నేను వేసినవేరా."

"నిజంగా అన్నా."

"సీను రాసి చేతిలో పెట్టు. డాక్టరు దగ్గరికి నేనే మోసుకెళ్తా."

ఇసోబె వెనక్కి తిరిగాడు. "నువ్వు మారవులే" అని తలుపు మూసుకున్నాడు.

చేపల పళ్లెం పట్టుకెళ్లిన ఒతోమి అలాగే తిరిగొచ్చింది. "ముట్టుకోలేదండీ. మనిషి రంగు బాలేదు. డాక్టర్నే ఇక్కడికి పిలిపిద్దామా?"

"నిన్నూ బుట్టలో వేసుకున్నాడా!" అన్నాడు కురమోచి.

పొద్దు వాలేసరికి పెన్సిల్ చప్పుడు ఆగిపోయింది. కిటికీ దూకేశాడు వెధవ, అనుకుని కురమోచి తోటలోకి పరుగెత్తాడు. తడిమట్టిలో ఒక్క అడుగు కూడా లేదు. తేలికపడి వెనక్కొచ్చి తలుపు లాగాడు.

ఇసోబె బల్లమీద తల వాల్చి ఉన్నాడు.

"నాటకాలు చాలు, లేవరా" అంటూ భుజం కుదిపాడు. మెడ వాలిపోయింది, ఊపిరి ఆడడం లేదు. మోచేతి కింద చివరి సీను పూర్తిగా రాసి ఉంది. కురమోచికి ఏడుపు రాలేదు, భయం వేసింది. డాక్టరు కోసం ఒతోమి వాకిట్లోంచి వేసిన కేక వీధిదాకా వినిపించింది.

శవాన్ని మోసుకెళ్లేవాళ్లు వచ్చారు. "ఆయన బూట్లెక్కడండీ?" అని అడిగింది ఒతోమి.

కురమోచి అలమర తెరిచాడు. పరుపుల మధ్య, ఇసోబె చాటుగా తొడుక్కున్నా నడవలేకుండా పొద్దున తాను లేసులు లాగి ఒకదానికొకటి ముడివేసిన రెండు బూట్లు అలాగే ఉన్నాయి.