రుక్మ వేలి నెత్తురు

ఎండ ముందు మైక్రోస్కోపు కింది అద్దం మీద పడుతుంది.

అద్దం మీంచి లేచి, స్లైడు మీది నెత్తురులోకి ఎక్కుతుంది… అప్పుడు కనబడతాయి — నడుమ రంగు వెలిసిన ఎర్రకణాలు, అక్కడక్కడ ఊదారంగు పట్టిన తెల్లకణాలు.

నాకు ఆలస్యంగా కనబడతాయి. రుక్మాబాయికి వెంటనే.

సూర్యాపేట దవాఖానలో మైక్రోస్కోపు ఒక్కటే. నేర్చుకునేవాళ్ళం ఇద్దరం. నేను ధాన్యం కొట్టువాళ్ళ పిల్లను. తను తుంగతుర్తి దగ్గరి తండా నుంచి వచ్చింది. కోదాడలో కొత్త ల్యాబు తెరుస్తున్నారు. మాలో ఒక్కరికే అక్కడ ఉద్యోగం.

అది తనకే. మాకు నేర్పే నర్సింగరావు సారు మొహంలోనే తెలిసిపోతోంది.

మలేరియా క్రిమిని ముందు పట్టింది తను. నేనేమో స్లైడు మీద మిగిలిన రంగు మడ్డిని చూసి మలేరియా అన్నాను. సారు నవ్వారు. తను నవ్వలేదు — అదే నన్ను ఇంకా మండించింది.

అవును, కుళ్ళే. కళ్ళల్లో నిప్పులు పోసుకుని మరీ కూర్చుంటున్నాను ఆ గొట్టం ముందు.

పోయిన నెల ఒక మిర్యాలగూడ మనిషి నెత్తురు చూపించారు సారు. తెల్లకణాలు… గుంపులు గుంపులుగా. పెద్దవి. ముదరనివి. అది నెత్తురు కాన్సరని ముందు చెప్పింది కూడా రుక్మే. నాలుగు రోజులకు ఆ మనిషి మంచం ఖాళీ అయింది.

చేయి తిరగడానికి మేం ఒకరి వేలు ఒకరం పొడుచుకుంటాం. ఇవాళ తన వేలికి సూది కాస్త లోతుగానే దించాను. దూది అదిమినా నెత్తురు ఎంతకూ ఆగలేదు.

మంచిగైంది, అనుకున్నాను.

చుక్కను స్లైడు మీద పరిచాను. ఆరబెట్టాను. రంగు పోసి కడిగాను. నూనె బొట్టు వేసి కన్ను ఆనించాను.

ఎండ ఎక్కింది.

ఊదా… అంతా ఊదా. గుంపులు గుంపులుగా. పెద్దవి. ముదరనివి.

రంగు మడ్డేమో. మడ్డే అయితే బాగుండు. మళ్ళీ చూశాను.

కాదు.

మొదటిసారి, తనకంటే ముందు నేను చూశాను.

"ఏమొచ్చింది కౌసల్యక్కా? ఇగ జరుగు, నేను సూస్త."

వేలికి దూది నొక్కుకునే ఉంది. నవ్వుతోంది. తనకు ఒక్క చూపు చాలు.

"మబ్బు వట్టింది రుక్మా… జరసేపు ఆగు."

కిటికీ నిండా ఎండ.

అద్దం మీద నా చెయ్యి ఉంది. ఎండ నా చేతి మీద పడుతోంది.