వాయిదా దెబ్బ

కోర్టుకి వెళ్ళే రోజున సెలైనమ్మ చెవికమ్మలు తీసి బీరువాలో పెడుతుంది, జుట్టు గట్టిగా ముడేస్తుంది, కళ్ళజోడు తీసి తమ్ముడి జేబులో వేస్తుంది. అద్దం పగిలి కంట్లో గుచ్చుకుంటే మళ్ళీ అదో ఖర్చు. ఆ తమ్ముడే ఆమె లాయరు. "అక్కా, దవడ బిగించి ఉంచు, నాలుక పళ్ళ మధ్య పెట్టకు," అని మెట్లెక్కేటప్పుడు ప్రతిసారీ జాగ్రత్తలు చెబుతాడు, పిల్లని బడికి పంపుతున్నట్టు.

ఆ కోర్టు పద్ధతే అంత. జడ్జిగారు 'వాయిదా' అనగానే ఆ కేసులో వాది ఎవరైతే వాళ్ళకి దెబ్బ పడుతుంది. చెయ్యి కనపడదు, కర్ర కనపడదు, దవడ మాత్రం పగులుతుంది. దగ్గరి తేదీ అయితే చెంపదెబ్బతో పోతుంది, దూరం తేదీ అయితే ఎముక విరుగుతుంది. దానికెవరూ వింతపడరు. బంట్రోతు తడిగుడ్డతో బల్ల తుడుస్తాడు, గుమాస్తా తర్వాతి కేసు పిలుస్తాడు. పోనీ వెళ్ళకుండా ఇంట్లో కూర్చుందామా అంటే అదీ కుదరదు. వెళ్తే మనిషిని కొడతారు, వెళ్ళకపోతే కేసు కొట్టేస్తారు!

ఆమెకి ఆ పేరు ఊరికే రాలేదు. మొగుడూ పెళ్ళాం కలిసి చిన్న ఫ్యాక్టరీ పెట్టి, ప్రభుత్వాసుపత్రులకి సెలైన్ సీసాలు సరఫరా చేసేవాళ్ళు. ఆ సెలైన్ రోగుల ఒంట్లో ఎప్పుడో ఇంకిపోయింది. బిల్లు మాత్రం మందుల కొనుగోలు ఆఫీసు దాటి బయటికి రాలేదు. అక్కడి పెద్దాఫీసరు ఒకసారి బడ్జెట్ లేదన్నాడు, ఇంకోసారి సీసా మీద చీటీ వంకరగా అంటించారన్నాడు. విసిగిపోయి మొగుడు కేసు వేశాడు. ఇక చూడండి, పిలిచిన ప్రతిసారీ సర్కారు వకీలు లేచి, "వివరాలు ఇంకా అందలేదండీ, వాయిదా కావాలి," అనేవాడు. ఆ వినయం చూస్తే ఒళ్ళు మండిపోయేది.

మొదట మొగుడికి పళ్ళు ఊడాయి. తర్వాత పక్కటెముకలు విరిగాయి. ఒక రోజు దెబ్బ తల వెనక పడింది. చెవుల్లోంచి రక్తం కారుతుండగా పెళ్ళాం ఒళ్ళోకి ఒరిగిపోయాడు, మళ్ళీ లేవలేదు. వెనక బెంచీలో ఉన్న పెద్దాఫీసరు ఆవులించాడు. ఆ ఆవులింత ఆమె కడుపులో నిప్పులా ఉండిపోయింది. వారసురాలిగా కేసులో ఆమె పేరు ఎక్కింది, అప్పట్నుంచి దెబ్బలు ఆమె వంతు.

"ఇంకో పెద్ద దెబ్బ తగిలితే మీ తల తట్టుకోదమ్మా," అని డాక్టరు తేల్చి చెప్పేశాడు. ఫ్యాక్టరీకి తాళం వేస్తామని బ్యాంకువాళ్ళు కబురు పెట్టారు. కేసు మానుకోమని తమ్ముడు బతిమాలాడు.

"మానుకుంటే మీ బావ ఊరికే చచ్చినట్టేగా," అంది. తమ్ముడు కేసు కాగితాలు మళ్ళీ సంచిలో సర్దుకున్నాడు.

ఆమె మొండితనం చూసి పెద్దాఫీసరుకి చిర్రెత్తుకొచ్చింది. బెదరగొడదామని ఎదురు కేసు వేశాడు. సెలైన్ ఆలస్యంగా ఇచ్చారట, కాబట్టి ఆమే ప్రభుత్వానికి జరిమానా కట్టాలట. ఆ కాగితం చదువుతూ చదువుతూ తమ్ముడు పడీ పడీ నవ్వాడు.

"ఏంట్రా, మతిపోయిందా?"

"నాకు కాదక్కా, వాడికి పోయింది. సంతకం కింద ఏం రాసుకున్నాడో చూడు. వాది! వాది అని రాసుకున్నాడే!"

ఆ కేసు పిలిచిన రోజున తమ్ముడు లేవబోతుంటే ఆమె భుజం నొక్కి కూర్చోబెట్టింది. తనే లేచి చేతులు కట్టుకుంది.

"వివరాలు ఇంకా అందలేదండీ. వాయిదా కావాలి."

జడ్జిగారు తేదీ చెప్పారు. పెద్దాఫీసరు ముక్కు చితికిన చప్పుడు గుమ్మం దాకా వినపడింది. చొక్కా ముందంతా ఎర్రగా తడిసింది. "ఓరి నాయనో!" అని ఆయన పెట్టిన కేకకి సెలైనమ్మకి ఎన్నాళ్ళకో కడుపు నిండినట్టయింది. ఇంటికెళ్ళి రెండు ముద్దలు ఎక్కువే తింది.

ఆ తర్వాత ఆయనకి పళ్ళు పోయాయి, మణికట్టు విరిగింది. రావడం మానేద్దామంటే, కేసు కొట్టేస్తే ఆ జరిమానా సొమ్ము నీ జీతంలోంచే పట్టుకుంటామని పైవాళ్ళు హెచ్చరించారు. వెనక్కి తీసుకుందామంటే అవతలి మనిషి ఒప్పుకోవాలి. చివరికి వరండాలో ఆమె కాళ్ళ దగ్గర కూలబడ్డాడు.

"అమ్మా, మీకు దణ్ణం పెడతాను. ఒప్పుకోండి."

"నా బిల్లు?"

"ఈ వారంలోనే ఇప్పిస్తానమ్మా, నా మాట నమ్మండి."

"ముందు రానివ్వండి, చూద్దాం."

వడ్డీతో సహా వచ్చింది! లేని బడ్జెట్ ఎక్కణ్ణుంచి ఊడిపడిందో ఆ దేవుడికే తెలియాలి. ఫ్యాక్టరీ నిలబడింది. ఆమె కేసు ముగిసిపోయింది, ఇక ఆమె మీద దెబ్బ పడే పనే లేదు. మిగిలింది ఆయన కేసొక్కటే.

ఆ కేసు మళ్ళీ పిలిచినప్పుడు పెద్దాఫీసరుని ఇద్దరు పట్టుకొచ్చి కూర్చోబెట్టారు. ఒక కన్ను పూర్తిగా మూసుకుపోయింది, తలకి కట్టు కట్టి ఉంది. కేసు వెనక్కి తీసుకుంటామని సర్కారు వకీలు విన్నవించుకున్నాడు.

"ఏమ్మా, నీ డబ్బు ముట్టిందిగా. అభ్యంతరం ఏమైనా ఉందా?" అని జడ్జిగారు అడిగారు.

"లేదని చెప్పక్కా, ఇంటికి పోదాం," అని తమ్ముడు చెవిలో గొణిగాడు. "ఇంకోటి పడితే మనిషి దక్కడు. వాడికీ పెళ్ళాం పిల్లలున్నారు."

సెలైనమ్మ పెద్దాఫీసరు వైపు చూసింది. మిగిలిన ఒక్క కంటితో ఆయనా ఆమెనే చూస్తున్నాడు. జాలి వేస్తుందేమోనని ఆమె కాసేపు ఆగి చూసుకుంది. వెయ్యలేదు.

"ఆలోచించుకోవాలండీ," అంది. "వాయిదా కావాలి."

జడ్జిగారు క్యాలెండరు దగ్గరికి లాక్కున్నారు. "దగ్గర్లో ఎక్కడా ఖాళీ లేదమ్మా," అంటూ ఇంకో కాగితం తిప్పారు.