ఎండలో దెయ్యాన్ని మోసిన కుర్చీ

నేను ఒక చక్రాల కుర్చీని. విజయవాడలో ఒక సైకిల్ షాపు వెనక రేకుల షెడ్డులో పుట్టాను. నన్ను చేసినవాడు ఎడమ చక్రం వంకరగా బిగించి, "ముసలాయనకి ఇది చాలు" అన్నాడు. ఆ ముసలాయన చీరాలలో పొగాకు వ్యాపారి. పది నెలలు నాలో కూర్చుని పోయాడు. పోయిన పదకొండో రోజు కొడుకులు నన్ను వీధిలో పెట్టారు. పోయినవాడి ఉంగరం దాచుకున్నారు. కుర్చీ మాత్రం అశుభమట.

అదే ఊళ్లో ఫోటో స్టూడియో నడిపే శేషారత్నం నన్ను ఇంటికి తెచ్చుకుంది. బస్సు ప్రమాదంలో ఆమెకు నడుము కింద పట్టు పోయింది. చేతులు మాత్రం రాయిలా నిలకడగా ఉండేవి. ఆమె భర్త పరాంకుశం సినిమా దర్శకుడు. అప్పటికి రెండు సినిమాలు తీశాడు. రెండూ వారం తిరక్కుండానే హాళ్లు ఖాళీ చేశాయి.

"ఈసారి కెమెరా నాకివ్వండి" అనేది ఆమె.

"నిర్మాత ఒప్పుకోడు రత్నం" అని అతను తల దించుకునేవాడు.

ఆమె కోరిక ఒక్కటే. తెర మీద ఛాయాగ్రహణం అని పడాలి, కింద తన పేరు పడాలి. అందులో తప్పేముందో నాకు ఈరోజుకీ తెలియదు.

మూడో సినిమా దెయ్యం కథ. బాపట్ల దగ్గర ఒక పాత పెంకుటింట్లో షూటింగ్ మొదలు. ఆమె చూడటానికి వచ్చింది. సినిమావాళ్లకు ఒక ఆనవాయితీ ఉంది. మొదటి రోజు కొబ్బరికాయ కొడతారు, చివరి రోజు గుమ్మడికాయ కొడతారు. మేనేజర్ అప్పలకొండ ముందుచూపు గల మనిషి. రెండూ ఒకే సంచిలో తెచ్చాడు. పూజ హడావిడిలో కళ్లు మూసుకుని దణ్ణం పెట్టి, చేతికందినది ఎత్తి నేలకేసి కొట్టాడు. గుమ్మడికాయ నాలుగు ముక్కలైంది.

నిర్మాత ముఖం పాలిపోయింది. "ఒరేయ్ అప్పలకొండా! మొదలు కాకుండానే ముగించావు కదరా!"

"కుంకుమ రెండింటికీ ఉందండీ, తెలియలేదు."

"నీ కళ్లకు పెట్టాల్సింది కుంకుమ!"

పది నిమిషాల్లో నిర్మాత కారెక్కాడు. లైట్లు, జనరేటర్ ఆయన వెంట వెళ్లాయి. కెమెరామన్ ఆయన బావమరిది, అతనూ వెళ్లాడు. మిగిలినవి పరాంకుశం సొంత కెమెరా, ఫిల్ము డబ్బాలు, వేషాలు వెయ్యడానికి వచ్చిన, ఆ కథనే నలభైసార్లు స్టేజీ మీద ఆడిన నాటకం కంపెనీ. అప్పలకొండ గుమ్మడి ముక్కలు ఏరుతూ ఏడుస్తున్నాడు.

"గుమ్మడికాయ కొట్టేశాం కాబట్టి ఈరోజే పూర్తిచేద్దాం" అంది శేషారత్నం. "కెమెరా నా ఒళ్లో పెట్టండి. మీరు తొయ్యండి."

"లైట్లు లేవు రత్నం. దెయ్యం ఎలా వస్తుంది?"

"ఎండలో వస్తుంది. దానికేం, గొడుగు కావాలా?"

పొద్దుగుంకేదాకా అతను తోశాడు, ఆమె తీసింది. ఆపితే వెలుగు పోతుందని సీను వెంట సీను లాగించారు. గదులన్నీ తిరిగాను, గడపలన్నీ దాటాను. నా వంకర చక్రం వల్ల తెర మీద ఇల్లంతా మెల్లగా ఊగింది.

సినిమాకు 'ఎండలో దెయ్యం' అని పేరు పెట్టారు. కొనడానికి వచ్చిన పంపిణీదారు టైటిల్స్ దగ్గరే ఆగాడు.

"కెమెరా ఆడమనిషా? అందులోనూ కుర్చీలో కూర్చుని? జనం నవ్వుతారయ్యా. ఆవిడ పేరున్న ఆ కార్డు కోసెయ్, రేపే విడుదల చేస్తా."

శేషారత్నం చూపు నేల మీదికి పోయింది. "కోసెయ్యండి" అంది మెల్లగా. "సినిమా బతకనివ్వండి."

పరాంకుశం అంతవరకు ఎవరికీ ఎదురు చెప్పని మనిషి. "కొయ్యను" అన్నాడు.

చీరాలలో ఒకే ఒక్క హాలువాడు పొద్దుటి ఆట ఇచ్చాడు. మొదటి రోజు తొమ్మిది మంది వచ్చారు. రెండో వారం హాలు నిండింది. రాత్రి దెయ్యాలకు అలవాటుపడ్డ జనం మిట్టమధ్యాహ్నం దెయ్యానికి దడుచుకున్నారు. ఊళ్లో ఆడవాళ్లు పన్నెండు గంటలకు తలుపులు గడియ పెట్టుకున్నారు. డాబాల మీద వడియాలు ఎండబెట్టడం మానేశారు. నూరు రోజులు ఆడింది.

పంపిణీదారు పూలదండతో వచ్చాడు. పరాంకుశం దండ తీసుకోలేదు. నాలో కూర్చున్న శేషారత్నాన్ని చూపించాడు.

"కార్డు మీద ఏముందో ఈవిడకి చదివి వినిపించు."

"ఇప్పుడెందుకు సార్ అవన్నీ..."

"చదువు."

చదివాడు. "గట్టిగా" అన్నాడు పరాంకుశం. మళ్లీ చదివాడు. ఆమె చెంగుతో నోరు మూసుకుని నవ్వింది. క్షమించిందనుకుంటా. నేను క్షమించలేదు.

తర్వాత ఆ ఇద్దరూ మరో ఆరు సినిమాలు తీశారు. అన్నింటికీ అదే పద్ధతి, అన్నింటిలోనూ అదే కార్డు. పంతొమ్మిదేళ్ల తర్వాత ఆమె పోయింది. పరాంకుశం మళ్లీ కెమెరా పట్టలేదు. ఇప్పుడు హైదరాబాదులో కుర్రకారు ఆ సినిమాలకు టికెట్ల కోసం తోసుకుంటారు, డైలాగులు ముందే అరుస్తారు. పండితులు వ్యాసాలు రాస్తారు. కెమెరాను నడుమెత్తులో పెట్టడం గొప్ప శైలి అట. అది ఆమె కూర్చున్న ఎత్తు.

మొన్న సినిమా మ్యూజియం నుంచి ఒక అమ్మాయి వచ్చింది. పరాంకుశం నన్ను తుడిచి అప్పగించాడు.

"పక్కన పలక పెడతాం సార్. ఏం రాయమంటారు?"

"ఛాయాగ్రహణం, శేషారత్నం."

ఆ అమ్మాయి రాసుకుంది. కలం పట్టుకుని ఇంకా చూస్తోంది.

"మీ పేరు కూడా సార్?"

"నేను తోసినవాణ్ణమ్మా" అన్నాడు పరాంకుశం. "కుర్చీని బండిలోకి జాగ్రత్తగా ఎక్కించుకోండి."