వ్యాను నడిపిన మనిషి

అమెరికా సైన్యంలోని మెరైన్స్ నుంచి బయటికొచ్చిన ఏడాదిన్నరలో దియ మూడు ఉద్యోగాలు మానేసింది. ప్లెయిన్స్‌బరోలోని అమ్మానాన్నల అపార్ట్‌మెంట్లో ఒకచోట కుదురుగా ఉండలేకపోయేది. అన్నం తింటూ తింటూ లేచిపోయేది. పార్కింగ్ లాట్ చుట్టూ నాలుగుసార్లు తిరిగొచ్చి, చల్లారిన కంచం ముందు మళ్లీ కూర్చునేది. తొడలో తూటా దిగినప్పటి నుంచి కాస్త కుంటుతుంది. అంత దెబ్బ తిని కూడా పదకొండు మందిని కాపాడిందని, అందుకే గవర్నమెంటు మెడల్ ఇచ్చిందని తల్లి రేణు కనబడిన వాళ్లందరికీ చెప్పుకునేది.

ఆ మెడల్ వచ్చింది ఆఫ్రికాలోని ఒక దేశపు అంతర్యుద్ధంలో. సైన్యం రెండుగా చీలి రాజధాని వీధుల్లోనే కొట్టుకుంటున్న రోజుల్లో, దియ అక్కడి అమెరికన్ ఎంబసీకి కాపలా. దూరంగా ఒక స్కూల్లో పదకొండు మంది అమెరికన్లు చిక్కుకుపోయారని తెలిసినప్పుడు, తీసుకురావడానికి వెళ్తానన్నది ఆమె ఒక్కతే. తోడు వచ్చింది ఎంబసీ డ్రైవర్ ఇద్రీస్, ఆ ఊరివాడు. తిరిగొచ్చేటప్పుడు వ్యాను మీద కాల్పులు జరిగాయి, దియ తొడలో తూటా దిగింది. ఇద్రీస్ తల దించుకుని, పగిలిన అద్దంలోంచి దారి చూసుకుంటూ అందర్నీ గేటు లోపలికి చేర్చాడు. ఆ వెంటనే భార్యనీ కూతుర్నీ వెతుక్కుంటూ మళ్లీ ఊళ్లోకి వెళ్లిపోయాడు.

వెనక నేలమీద బోర్లా పడుకున్న పదకొండు మందికీ స్టీరింగ్ ముందు ఎవరున్నారో కనబడలేదు. హాస్పిటల్లో ఆఫీసరొకాయన నోట్స్ రాసుకుంటూ, "ఆ కాలితో నువ్వే నడుపుకొచ్చావా?" అనడిగాడు. దియ తలూపింది. మందుల మత్తులో ఊపానని తర్వాత తనకి తాను సర్ది చెప్పుకుంది. మత్తు కాదని తెలుసు.

రెండు నెలల కిందట ఇద్రీస్ నుంచి వాయిస్ మెసేజ్ వచ్చింది. పక్కదేశంలో శరణార్థుల క్యాంపులో ఉన్నాడట. అమెరికాకి అప్లై చేస్తే, అమెరికన్ల కోసం ఏం చేశావో రుజువు చూపించమన్నారట. "ఒక లెటర్ రాస్తావా సార్జెంట్?"

దియ రాసింది. నాలుగే లైన్లు, వ్యాను ఎవరు నడిపారన్న మాటే లేదు. 'ఇతను ఆ రోజు మాకు సహాయం చేశాడు.' ఇది సరిపోదని అక్కడివాళ్లు తిప్పి పంపారు. ఆ రోజు నుంచి ఆమెకి ఇంట్లోనూ బయటా కూడా ఊపిరాడలేదు.

ఇంతలో దగ్గర్లోని ఎడిసన్ ఊళ్లో తెలుగువాళ్లు ఆమెకి సన్మానం పెట్టారు. ఆదివారం మధ్యాహ్నం, హాలు నిండా జనం. దియ మెడలో దండ వేసి, సభ నడుపుతున్న రాధారాణి ఆంటీ ప్రశంసాపత్రాన్ని తెలుగులో చదవడం మొదలుపెట్టింది. "రక్తం ఓడుతున్న కాలితో, తానే వ్యాను నడిపి..."

"ఆంటీ, మైక్ ఇస్తారా?"

ఆవిడ నవ్వుతూ ఇచ్చింది.

"అందరికీ థాంక్స్. కానీ ఆ లైన్ తప్పు. వ్యాన్ నేను డ్రైవ్ చేయలేదు. ఇద్రీస్ అని మా డ్రైవర్ చేశాడు. నేను సీట్ కింద పడి ఏడుస్తున్నాను. ఎవరూ పొరపాటుగా రాయలేదు. నన్ను అడిగారు, నేనే అబద్ధం చెప్పాను."

చప్పట్లు కొట్టాలో వద్దో ఎవరికీ అర్థం కాలేదు. దియ దండ తీసి కుర్చీ మీద పెట్టి స్టేజి దిగింది.

ఇంటికెళ్తూ కార్‌లో తండ్రి భాస్కర్ అడిగాడు. "నాకు ముందే చెప్తే ఏమయ్యేది?"

"చెప్పొద్దు అనేవాళ్లు కదా నాన్నా."

అనేవాడే.

"ఆ అబ్బాయి ఇప్పుడెక్కడున్నాడే?" అంది రేణు.

"క్యాంప్‌లో, అమ్మా. వైఫ్, పాప కూడా. లెటర్ సరిగ్గా లేదని కేస్ ఆగిపోయింది."

గ్రీన్ కార్డ్ కోసం తొమ్మిదేళ్లు ఎదురుచూసిన మనిషి రేణు. "మరి సరిగ్గా రాయి. ఇంటికెళ్లగానే కూర్చో, నేను పక్కనే ఉంటా."

ఆ సాయంత్రం దియ ఆరు పేజీలు రాసింది. ఏ సందులో తిరిగారో, ఇద్రీస్ ఏమన్నాడో, తను ఎలా అరిచిందో, ఏదీ వదల్లేదు. ఒక కాపీ క్యాంపుకి, ఒకటి తన పాత కమాండర్‌కి పంపింది. మెడల్ గురించి విచారణ మొదలైంది. ఫోన్ మోగినప్పుడల్లా ఉలిక్కిపడుతూ ఎనిమిది నెలలు గడిపింది. చివరికి, గేటు దాటి వెళ్లిన ధైర్యానికి మెడల్ ఉంచి, వ్యాను నడిపిందన్న వాక్యం కొట్టేశామని ఉత్తరం వచ్చింది.

ఇద్రీస్ కేసు ఇంకో ఏడాది పట్టింది. అతని కుటుంబం ఒహాయోలో దిగిందని తెలియగానే దియ తొమ్మిది గంటలు డ్రైవ్ చేసి వెళ్లింది. ఇద్రీస్ గడపలోనే ఆమె రెండు చేతులూ పట్టుకున్నాడు. అతని భార్య మాత్రం వంటగదిలోంచి రాలేదు. దియే లోపలికెళ్లి సారీ చెప్పింది.

ఆమె స్టవ్ ఆపి, వచ్చిన కొద్దిపాటి ఇంగ్లీషు కూడదీసుకుంది.

"మొదటి లెటర్, చాలా చిన్నది. మా ఆయన చదివి వినిపించాడు. రెండు రోజులు నేను తినలేదు."

"తెలుసు" అంది దియ. నిజానికి ఆ రెండు రోజుల సంగతి ఆమెకి ఇప్పుడే తెలిసింది. "కాదు, తెలీదు. సారీ."

ఇద్రీస్ భార్య పళ్లెంలో వేడి రొట్టె పెట్టి దియ చేతికిచ్చింది.